పదేళ్లప్పుడొకటి, ముప్ఫై ఏడేళ్లప్పుడొకటి

పోయిన ఆదివారం పొద్దున్నే మా అక్క ఫోన్ చేసింది. మామూలుగా అయితే మా ఇద్దరి మాటలూ ఆవకాయతో మొదలై ఎవరో ఒకరి పెళ్లి సంబంధంతో ముగుస్తాయి. ఈసారి అక్క గొంతు కాస్త తగ్గించి, "ఏమే, ఖాళీగా ఉన్నావా? నువ్వన్నా దానికి కాస్త నచ్చజెప్పవే. నా మాట లెక్కచేయడం లేదు" అంది.

'అది' అంటే అక్క కూతురు. మా ఇంట్లో అందరికీ చిట్టి. తొమ్మిదో తరగతి చదువుతోంది. బుద్ధిమంతురాలు. ఈ రోజుల్లో తొమ్మిదో తరగతి పిల్ల మాట వినడం లేదంటే మనకి ఏవేవో ఊహలొస్తాయి కదా! నాకూ గుండె కాస్త దడదడలాడింది.

"ఏం చేసిందక్కా?"

"చేసిందేం లేదు. చెస్ మాననంటోంది."

నాకు నవ్వొచ్చింది. అక్క మాత్రం నవ్వలేదు.

"నీకు నవ్వులాటగా ఉంది. వచ్చే ఏడు టెన్త్. ఆ తర్వాత ఇంటర్, ఎంట్రన్సులు. శని, ఆదివారాలు టోర్నమెంట్లంటూ ఊళ్లు పట్టుకు తిరిగితే చదివేదెప్పుడు? చిన్నప్పుడంటే సరదా అనుకున్నాం. ఇప్పుడు దానికి పధ్నాలుగేళ్లు. ఆ వయసుకి పిల్లలు గ్రాండ్‌మాస్టర్లే అయిపోతున్నారు. దీనిది ఇంకా జిల్లా స్థాయే. ఇంకెప్పుడు పైకొస్తుంది చెప్పు? నువ్వూ ఆడినదానివే కదా. మానేశావు. ఏం, బాగాలేవూ? అదే చెప్పు దానికి."

"ఆలోచించి చెప్తానక్కా" అని ఫోన్ పెట్టేశాను. వారమంతా ఆలోచించాను. ఆ ఆలోచనే ఈ వారం మీతో పంచుకుంటున్నాను.

అక్క చెప్పినదాంట్లో అబద్ధం ఏమీ లేదు. చెస్ వార్త ఏది చూసినా వయసుతోనే మొదలవుతుంది. వరంగల్ కుర్రాడు ఇరిగేశి అర్జున్ పధ్నాలుగేళ్లకే గ్రాండ్‌మాస్టర్. చెన్నైలో పుట్టి పెరిగిన తెలుగింటి అబ్బాయి గుకేశ్ పద్ధెనిమిదేళ్లకు ప్రపంచ ఛాంపియన్. నాగపూర్ అమ్మాయి దివ్య దేశ్‌ముఖ్ పంతొమ్మిదేళ్లకు ప్రపంచ కప్ విజేత. ఇవన్నీ చదివిన ఏ తల్లికైనా 'మన పిల్లకి టైమ్ అయిపోయింది' అనిపించడంలో వింత లేదు.

కానీ ఇలా వయసుతో పేపర్లకెక్కిన తెలుగమ్మాయి కథ ఒకటి మనకి ముందే తెలుసు. తెలుసనే అనుకుంటాం. నిజానికి అందులో మొదటి సగమే మనకి బాగా గుర్తు. కోనేరు హంపి కథ.

1987లో గుడివాడలో పుట్టింది హంపి. తండ్రి అశోక్ గారు కెమిస్ట్రీ పాఠాలు చెప్పేవారు, చెస్ బాగా ఆడేవారు. 'ఛాంపియన్' అనే మాటలోంచే కూతురికి ఆ పేరు పుట్టించారట. తర్వాత రష్యన్ పేరులా ధ్వనించాలని ఇంగ్లిష్ స్పెల్లింగ్ కూడా మార్చారు. ఆ రోజుల్లో చెస్ అంటే రష్యా, రష్యా అంటే చెస్ మరి! నాన్న ఆడుతుంటే పక్కన కూర్చున్న పిల్ల ఓ ఎత్తు చెప్పింది. ఆయన ఉలిక్కిపడ్డారు. ఆ తర్వాత ఉద్యోగం మానేసి, కూతురికి పూర్తికాలం కోచ్ అయిపోయారు.

1997లో ఫ్రాన్స్‌లోని కాన్‌లో పదేళ్లలోపు బాలికల ప్రపంచ టైటిల్. మర్నాటి ఏడు పన్నెండేళ్లలోపు టైటిల్. 2000లో పద్నాలుగేళ్లలోపు టైటిల్. మధ్యలో 1999లో అహ్మదాబాద్‌లో జరిగిన ఆసియా పోటీల్లో మగపిల్లల విభాగంలో ఆడి, వాళ్లందర్నీ దాటి గెలిచింది. 2001లో ప్రపంచ జూనియర్ బాలికల ఛాంపియన్. 2002 మే నెలలో, పదిహేనేళ్ల ఒక నెల ఇరవై ఏడు రోజుల వయసులో గ్రాండ్‌మాస్టర్. అప్పటికి ప్రపంచంలో అంత చిన్న వయసులో ఆ హోదా అందుకున్న అమ్మాయి ఇంకొకరు లేరు. హంగేరీకి చెందిన జూడిత్ పోల్గార్ రికార్డుని మూడు నెలల తేడాతో దాటేసింది. 2007లో 2600 రేటింగ్ దాటింది. పోల్గార్ తర్వాత ఆ గీత దాటిన రెండో మహిళ ఈమే. అర్జున, పద్మశ్రీ అన్నీ ఇరవై ఏళ్లు నిండేసరికే వచ్చేశాయి.

ఇక్కడిదాకా మనందరికీ తెలుసు. అప్పట్లో ఇంటర్ చదివే ఆడపిల్లలున్న ప్రతి ఇంట్లోనూ "ఆ హంపిని చూసి నేర్చుకో" అనే మాట వినిపించేది. నేనూ తిన్నాను ఆ తిట్లు.

తర్వాత ఏమైంది? ఇక్కడే మన జ్ఞాపకం కాస్త మసకబారుతుంది.

హంపికి అందరూ రాసిపెట్టిన కిరీటం ఒకటుంది: మహిళల ప్రపంచ ఛాంపియన్‌షిప్. 2004లో సెమీఫైనల్ దాకా వెళ్లింది. 2008లో మళ్లీ సెమీఫైనల్. ఎదురుగా కూర్చున్నది చైనా అమ్మాయి హౌ యిఫాన్, హంపి కంటే ఏడేళ్లు చిన్న. ఓడింది. అదే ఏడాది హంపి పేరున ఉన్న అతి పిన్న గ్రాండ్‌మాస్టర్ రికార్డు కూడా ఆ అమ్మాయే పట్టుకెళ్లింది. 2010లో మళ్లీ సెమీఫైనల్. మళ్లీ హౌ యిఫాన్. మళ్లీ ఓటమి. 2011లో అల్బేనియా రాజధాని తిరానాలో ఇద్దరి మధ్యే టైటిల్ పోరు. పది ఆటలు అనుకుంటే ఎనిమిదిలోనే ముగిసిపోయింది. అయిదు డ్రాలు, మూడు ఓటములు. ఒక్క గెలుపు లేదు.

ఒక్కసారి ఆలోచించండి. పదేళ్ల వయసు నుంచి 'కాబోయే ప్రపంచ ఛాంపియన్' అని పిలిపించుకున్న పిల్ల, ఇరవై నాలుగేళ్లకు ఆ బల్ల ముందు కూర్చుని ఒక్క ఆటైనా గెలవకుండా లేచి వచ్చింది. మన ఊళ్లలో అయితే ఏమంటారు? "చిన్నప్పుడు భలే ఆడేదండీ" అంటారు. ఆ 'ఆడేది' అనే మాట ఉంది చూశారూ, అది ఓటమి కన్నా పెద్ద దెబ్బ.

2014లో పెళ్లయింది. 2017లో పాప పుట్టింది. దాదాపు రెండేళ్లు బోర్డుకి దూరంగా ఉంది. పేపర్లో చెస్ పేజీ చదివేవాళ్లు కూడా హంపి శకం ముగిసిందనే అనుకున్నారు. దాచుకోవడం ఎందుకు, నేనూ అలాగే అనుకున్నాను. పెళ్లి, పాప, ఉద్యోగం... ఇంకేం ఆడుతుందిలే అని. ఒక ఆడదాన్ని అయ్యుండీ అలా ఎలా అనుకున్నానో!

2018లో జార్జియాలోని బటూమిలో జరిగిన ఒలింపియాడ్‌లో మళ్లీ కనిపించింది. 2019 డిసెంబర్లో మాస్కోలో ప్రపంచ రాపిడ్ పోటీలు. రాపిడ్ అంటే ఒక్కొక్కరికీ పదిహేను నిమిషాలు, ఎత్తుకో పది సెకన్లు అదనం. కుర్ర బుర్రల ఆట అని అందరూ చెప్పే ఆట. చివర్లో చైనాకి చెందిన లీ టింగ్జీతో సమంగా నిలిచింది. టైబ్రేక్‌లో మొదటిది పోయింది, రెండోది గెలిచింది. ఇక మిగిలింది 'ఆర్మగెడాన్' అనే చావో రేవో ఆట. అందులో తెల్లపావులకి సమయం ఎక్కువ ఇస్తారు, కానీ డ్రా అయితే నల్లపావులు గెలిచినట్టు లెక్క. హంపి నల్లపావులతో డ్రా చేసింది. రెండేళ్ల పాప తల్లి ప్రపంచ ఛాంపియన్!

అక్కడితో ఆగిపోయినా సినిమా కథలా బాగానే ఉండేది. కానీ జీవితం ఇంటర్వెల్ తర్వాత కూడా నడుస్తుంది కదా. 2022లో ప్రపంచ బ్లిట్జ్‌లో రజతం. 2023లో రాపిడ్‌లో టైబ్రేక్ దాకా వెళ్లి ఓడి, మళ్లీ రజతం. 2024 ఒలింపియాడ్‌లో మన అమ్మాయిలు బుడాపెస్ట్‌లో తొలిసారి స్వర్ణం గెలిచినప్పుడు ఆ జట్టులో హంపి లేదు. ఇరవై ఏళ్లుగా ఎదురుచూసిన బంగారం వచ్చిన రోజున, ఆ దారి వేసిన మనిషి అక్కడ లేదన్నమాట.

అదే ఏడాది డిసెంబర్ చివర్లో న్యూయార్క్‌లో మళ్లీ ప్రపంచ రాపిడ్. మొదటి రౌండే ఓడిపోయింది. ముప్ఫై ఏడేళ్ల మనిషి, మొదటి ఆటే పోయింది. ఇక గౌరవంగా ముగించి ఇంటికి రావడమే అనుకుంటారెవరైనా. ఆమె ఒక్కో ఆటా కూడబెట్టుకుంటూ వచ్చింది. చివరి రౌండ్‌లో నల్లపావులతో ఇండోనేషియా క్రీడాకారిణి ఇరీన్ సుకందర్ మీద గెలిచింది. పదకొండు ఆటల్లో ఎనిమిదిన్నర పాయింట్లు. వెనకాల ఎనిమిది పాయింట్లతో ఓ గుంపు, అందులో ప్రపంచ ఛాంపియన్ జూ వెన్‌జున్ కూడా ఉంది. అందర్నీ అర పాయింటు తేడాతో దాటి, రెండోసారి ప్రపంచ రాపిడ్ విజేత.

నేను కాగితం మీద లెక్క వేసుకున్నాను. మొదటి ప్రపంచ టైటిల్ పదేళ్లప్పుడు, 1997. ఇది ముప్ఫై ఏడేళ్లప్పుడు, 2024. మధ్యలో ఇరవై ఏడేళ్లు. అక్క చెప్పే 'పధ్నాలుగేళ్లకే గ్రాండ్‌మాస్టర్' రికార్డులన్నీ ఎవరో ఒకరు ఎప్పుడో ఒకప్పుడు బద్దలుకొడతారు. హంపి పదిహేనేళ్ల రికార్డు ఆరేళ్లే నిలిచింది. ఈ ఇరవై ఏడేళ్లు ఉన్నాయి చూశారూ, వీటిని దాటాలంటే మాత్రం ప్రతిభ ఒక్కటే చాలదు. ఓడినా మళ్లీ వచ్చి అదే కుర్చీలో కూర్చోవాలి.

2025 జూలైలో అదే బటూమిలో మహిళల ప్రపంచ కప్ ఫైనల్. ఇద్దరూ మనవాళ్లే. ఓ పక్క ముప్ఫై ఎనిమిదేళ్ల హంపి, మరో పక్క అందులో సగం వయసున్న దివ్య. మామూలు ఆటలు రెండూ డ్రా. టైబ్రేక్‌లో మొదటిదీ డ్రా. చివరిదాంట్లో గడియారం తరుముతుంటే హంపి పొరపాటు చేసింది, దివ్య గెలిచింది. గెలిచిన పిల్ల తల్లిని వాటేసుకుని ఏడ్చిన వీడియో మీరూ చూసే ఉంటారు. నేను మాత్రం ఓడిన మనిషి గురించే ఆలోచించాను. మళ్లీ రజతం. అయినా ఆ ఫైనల్ దాకా వచ్చింది కాబట్టే కదా రజతం!

అన్నట్టు, ఈ బటూమి ఉన్న జార్జియా దేశం ఆడవాళ్ల చెస్‌కి పుట్టిల్లు లాంటిది. నోనా గాప్రిందాష్విలి అనే ఆవిడ 1962 నుంచి 1978 దాకా ప్రపంచ ఛాంపియన్. గ్రాండ్‌మాస్టర్ హోదా అందుకున్న మొదటి మహిళ కూడా ఆవిడే. ఓ నెట్‌ఫ్లిక్స్ సిరీస్‌లో ఆవిడ ఎప్పుడూ మగవాళ్లతో ఆడలేదన్నట్టు ఓ డైలాగ్ వస్తే, ఎనభై ఏళ్ల వయసులో అమెరికా కోర్టులో దావా వేసింది. చివరికి రాజీ కుదిరింది. అంతకు రెండేళ్ల ముందు, డెబ్భై ఎనిమిదేళ్లకు, సీనియర్ల ప్రపంచ టైటిల్ కూడా గెలిచింది. మన దగ్గర ఆ వయసు అమ్మమ్మకి రిమోట్ చేతికిస్తేనే గొప్ప.

మన ద్రోణవల్లి హారిక కథా అలాంటిదే. గుంటూరు అమ్మాయి. పదమూడేళ్లకే ఒలింపియాడ్ జట్టులోకి వచ్చింది. ప్రపంచ ఛాంపియన్‌షిప్‌లో మూడుసార్లు కాంస్యం. 2022లో చెన్నై దగ్గర మామల్లపురంలో ఒలింపియాడ్ జరిగినప్పుడు తొమ్మిదో నెల గర్భిణి. డాక్టర్ల సలహాలు పాటిస్తూనే ఆడింది. హంపి, హారిక ఇద్దరూ ఉన్న ఆ జట్టుకి కాంస్యం వచ్చింది, ఒలింపియాడ్‌లో మన మహిళలకి అదే తొలి పతకం. రెండేళ్ల తర్వాత బుడాపెస్ట్ స్వర్ణం నాటికి హారిక మొదటి బోర్డు మీద ఆడుతోంది. పదమూడేళ్ల పిల్లగా మొదలుపెట్టి, బంగారం చేతికొచ్చేసరికి ఇరవై ఏళ్లు.

మరో లెక్క చెప్పి ఈ లెక్కలు ఆపేస్తాను. దివ్య మన దేశంలో 88వ గ్రాండ్‌మాస్టర్. ఆ 88 మందిలో ఆడవాళ్లు ఎంతమందో తెలుసా? నలుగురు. 2002లో హంపి, 2011లో హారిక, 2023లో వైశాలి, 2025లో దివ్య. అంటే 84 మంది మగవాళ్లు, నలుగురు ఆడవాళ్లు. ఆ నలుగురిలో ఇద్దరు కృష్ణా, గుంటూరు ఆడపిల్లలని మనం పొంగిపోవచ్చు. కానీ మిగతా ఆడపిల్లలు ఏమైనట్టు? జిల్లా టోర్నమెంట్లకి వెళ్లి చూడండి, చిన్న పిల్లల విభాగాల్లో రెండు జడలు, రిబ్బన్లు బోలెడు కనిపిస్తాయి. పెద్ద విభాగాలకొచ్చేసరికి వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు. వాళ్లందర్నీ ప్రత్యర్థులే ఓడించారంటారా?

ఎక్కడికి పోయారో నాకు తెలుసు. నేనూ అక్కడికే పోయాను.

డిగ్రీలో ఇంటర్ కాలేజీ పోటీల్లో ఆడేదాన్ని. ఓసారి రెండో బహుమతిగా చిన్న స్టీలు కప్పు కూడా వచ్చింది. పెళ్లయ్యాక మానేశాను. అత్తగారు వద్దనలేదు. మా ఆయన వద్దనలేదు. మొదటి ఏడు కొత్త కాపురం, తర్వాత పిల్లాడు, తర్వాత బదిలీ... చెస్ బోర్డు అటక మీదికి ఎప్పుడు ఎక్కిందో కూడా గుర్తులేదు. ఎవరో ఒకరు మానేయమని ఉంటే పోట్లాడేదాన్నేమో. ఎవరూ అనలేదు కాబట్టి పోట్లాట లేకుండానే పోయింది. ఆ స్టీలు కప్పులో ఇప్పుడు సేఫ్టీ పిన్నులున్నాయి.

"ఏం, బాగాలేవూ?" అంది అక్క. బాగానే ఉన్నాను. దాన్ని కాదనను. నేను హంపినయ్యేదాన్ని అనే భ్రమ కూడా నాకు లేదు. కానీ వారం రోజులుగా ఆ పాత ఆటల రికార్డులు చదువుతుంటే, రాత్రి పన్నెండు దాటినా నిద్ర గుర్తు రాలేదు. ఎన్నేళ్లయిందో అలా!

అయితే ఒక్క మాట. ఈ కథ చెప్పి, 'మీ పిల్లల కోసం ఉద్యోగాలు మానెయ్యండి' అంటే మాత్రం నేను ఒప్పుకోను. అశోక్ గారు చేసింది పెద్ద సాహసం. అది ఫలించింది కాబట్టి మనం చదువుతున్నాం. అలాగే తెగించి, ఫలించక, అప్పుల్లో మునిగిన తండ్రులుంటే వాళ్ల గురించి ఏ పేపరూ రాయదు. చెస్ అంటే బోర్డూ పావులేగా అనుకుంటాం గానీ, కోచింగ్, ప్రయాణాలు, హోటల్ గదులు, ఎంట్రీ ఫీజులు... మధ్యతరగతి ఇంటికి చిన్న భారమేం కాదు. అక్క భయం ఊరికే పుట్టింది కాదు. మా బావది చిన్న ఉద్యోగం. చదువు మాని ఆడమని చెప్పే ధైర్యం నాకూ లేదు.

కానీ 'మానెయ్' అని చెప్పడానికీ, 'ఉద్యోగం మానేసి ఆడిస్తాను' అనడానికీ మధ్య బోలెడంత చోటుంది. ఆ చోటుని మనం ఎందుకో ఆడపిల్లలకి చూపించం. అయితే ఛాంపియన్ అవ్వాలి, లేకపోతే అటక. మగపిల్లాడు సాయంత్రం క్రికెట్ ఆడితే 'కోహ్లీ అవుతావా లేదా' అని ఎవరూ అడగరు కదా, ఆడుకోనీ అంటారు.

నిన్న అక్కకి ఫోన్ చేశాను. "టోర్నమెంట్లు తగ్గిద్దాం. నెలకొకటి చాలు. టెన్త్ పరీక్షల ముందు మూడు నెలలు అదీ వద్దు. కానీ బోర్డు మాత్రం హాల్లోంచి తియ్యకు. పరీక్షలయ్యాక మళ్లీ పంపిస్తానని ఇప్పుడే దానికి మాటివ్వు" అన్నాను.

"నువ్వు నా వైపు మాట్లాడతావనుకుంటే, దాని వైపు మాట్లాడుతున్నావే" అంది.

"దాని వైపు కాదక్కా, నా వైపు మాట్లాడుకుంటున్నాను" అన్నాను.

అక్క కాసేపు ఏమీ అనలేదు. తర్వాత, "పరీక్షల ముందు మూడు నెలలు కాదు, నాలుగు" అంది. మా అక్క బేరం ఆడిందంటే సగం ఒప్పుకున్నట్టే.

ఆ తర్వాత చిట్టి ఫోన్ లాక్కుంది. "పిన్నీ, ఆదివారం మనింటికి రా. నీతో ఓ ఆట ఆడాలి. అమ్మ చెప్పింది, నీకు కప్పు వచ్చిందటగా?"

"రెండో బహుమతేనే."

"పర్లేదు, నాకు ఇంతవరకు మూడోదే."

సేఫ్టీ పిన్నులు వేరే డబ్బాలో పోసి, కప్పుని చింతపండుతో తోమాను. స్టీలుకి చింతపండెందుకని మా ఆయన నవ్వాడు. అటక మీంచి బోర్డు కూడా దించాను. ఒక తెల్ల బంటు కనిపించలేదు. దాని బదులు చొక్కా గుండీ పెట్టుకుని రెండు రోజులుగా ఒక్కదాన్నే ఆడుకుంటున్నాను. ఆదివారం చిట్టి చేతిలో ఎన్ని ఎత్తుల్లో నా ఆట కట్టయిందో, పరువు మిగిలితే వచ్చే వారం చెప్తాను.